కర్త లేని పద్యానికి తాత్పర్యం

పదో తరగతి తెలుగు పరీక్ష రాసిన ఎవరికైనా ఈ తేడా గుర్తుంటుంది. ప్రతిపదార్థం వేరు, తాత్పర్యం వేరు. మాట మాటకీ అర్థం రాసేసి, మొత్తం పద్యం ఏం చెబుతోందో రాయలేక ఆ చోటు ఖాళీగా వదిలేసినవాళ్ళు ప్రతి బెంచీలోనూ ఉంటారు.

"జీవితానికి అర్థం ఏమిటి" అని అడిగేటప్పుడు కూడా మనం ఇందులో ఏది అడుగుతున్నామో తేల్చుకోం. తెలుగులో ఈ "అర్థం" మాట నెత్తిన బరువు ఎక్కువ. మాటకి అర్థం, డబ్బనే అర్థం, పురుషార్థం, పరమార్థం. ఒక్క మాటలో ఇన్ని ఉండేసరికి ప్రశ్న జారిపోతుంది. దానికి తోడు ఇంకో ప్రశ్నని తెచ్చి ముడేస్తాం: దేవుడున్నాడా? ఉంటే బతుక్కి అర్థం ఉన్నట్టు, లేకపోతే లేనట్టు. ఆస్తికులూ నాస్తికులూ దేవుడి మీద దెబ్బలాడుకుంటారు గానీ ఈ ముడి విషయంలో ఇద్దరిదీ ఒకే మాట. ముడే తప్పంటాను నేను. విప్పడానికి కావలసిన పరికరాలన్నీ మన శాస్త్రాల్లో ఉన్నాయి, సాక్ష్యాలు విశాఖ చుట్టుపక్కలే ఉన్నాయి.

భీమిలి బీచ్ రోడ్డులో ఓ 15 కిలోమీటర్లు వెళ్తే ఎడమ చేతి వైపు తొట్లకొండ. ఎత్తు 128 మీటర్లు. 1970లలో నౌకాదళం సర్వే చేస్తున్నప్పుడు శిథిలాలు కంటపడ్డాయి. 1988 నుంచి రాష్ట్ర పురావస్తు శాఖ తవ్వితే స్తూపం, చైత్యాలు, భిక్షువుల గదుల వరసలు, శాతవాహనుల నాణేలు, రోమన్ వెండి నాణేలు బయటపడ్డాయి. నీళ్ళ కోసం రాతిని తొట్లుగా తొలిచారు. కొండకి ఆ పేరు వాటివల్లే. సుమారు 2000 ఏళ్ళ కిందట ఇక్కడ భిక్షువులు వర్షాకాలం మూడు నెలలూ కదలకుండా ఉండి, నియమం ప్రకారం తిని, నియమం ప్రకారం నిద్రపోయి, నియమం ప్రకారం తప్పులు ఒప్పుకునేవారు. వాళ్ళకి సృష్టికర్త లేడు. శాశ్వతమైన ఆత్మ కూడా లేదు. లోకం శాశ్వతమా కాదా అని పట్టుబట్టిన శిష్యుడికి బుద్ధుడు విషబాణం తగిలినవాడి పోలిక చెప్పి ఆ ప్రశ్నని పక్కన పెట్టాడు. బాణం వేసినవాడి కులం, ఊరు, వాడి వింటినారి ఏ నారతో పేనారో తెలిసేదాకా బాణం తీయనివ్వనంటే మనిషి పోతాడు.

"వాళ్ళకి కర్మ ఉంది, నిర్వాణం ఉంది కదా, వట్టి భౌతికవాదులు కారు కదా" అని ఎవరైనా అడ్డం రావచ్చు. నిజమే. నేను చెప్పేది అంతకంటే చిన్న సంగతి: బతుకుని ఒక దారిలో పెట్టుకోవడానికి వాళ్ళకి సృష్టికర్త అవసరపడలేదు.

బౌద్ధులు వేదబాహ్యులు, వాళ్ళ లెక్క వేరంటారా? అయితే వేదం కోసం వాళ్ళతోనే తలపడిన కుమారిలభట్టుని చూడండి. యజ్ఞం, ధర్మం, వేదప్రామాణ్యం విషయంలో ఆయన్ని మించిన ఛాందసుడు దొరకడు. అలాంటి మీమాంసకుడు, అంటే వేదం చెప్పిన కర్మలే ధర్మమని వాదించేవాడు, సృష్టికర్తని ఒప్పుకోలేదు. సృష్టికి ముందు ప్రాణులే లేనప్పుడు దయతో సృష్టించాడంటే ఆ దయ ఎవరి మీద? ఏ ప్రయోజనమూ లేకుండా మందబుద్ధి కూడా పని మొదలుపెట్టడే, మరి ఈశ్వరుడికి ఏం ప్రయోజనం? ఈ ప్రశ్నలు వేసింది నాస్తిక సంఘం కాదు, కర్మకాండని నెత్తిన పెట్టుకున్న పండితుడు.

ఇప్పుడు రెండో వైపు నుంచి. దేవుడున్నాడనే అనుకుందాం. అప్పుడైనా "నన్ను ఎందుకు పుట్టించాడు" అన్నదానికి జవాబు వస్తుందా? వేదాంతానికి మూలగ్రంథమైన బ్రహ్మసూత్రాలు ఈ చిక్కుని నేరుగా పట్టుకుంటాయి. రెండో అధ్యాయం మొదటి పాదంలో 32వ సూత్రం ఆక్షేపణ: ప్రయోజనం ఉన్నవాడే పనికి పూనుకుంటాడు, ఈశ్వరుడికి ప్రయోజనం ఉందంటే లోటు ఉన్నట్టు, లోటుంటే ఈశ్వరుడే కాడు. 33వ సూత్రం జవాబు: "లోకవత్తు లీలాకైవల్యమ్". లోకంలోలాగే, ఇది వట్టి ఆట. శంకరులు దీనికి రెండు పోలికలిస్తారు. అన్నీ ఉన్న రాజు విహారానికి వెళ్ళడం ఒకటి, ఊపిరి పీల్చి వదలడం ఇంకొకటి. ఊపిరిని ఫలానా లాభం కోసమని ఎవరూ తీయరు.

ఎవరైనా పోయినప్పుడు "అంతా ఆయన లీల" అంటాం. మనకి తెలియని ప్రయోజనం ఏదో ఉందన్న ఊరట ఆ మాటలో ఉంటుంది. సూత్రంలో లీల మాట వచ్చింది సరిగ్గా అందుకు విరుద్ధంగా, బయటి ప్రయోజనం ఏదీ లేదని చెప్పడానికి. మాటని వాడకంలో ఎంత తిప్పేశామో చూడండి.

ప్రయోజనం నిజంగా ఉన్నా పని జరగదు. జాతరకని మొక్కుకుని పెంచే పొట్టేలు బతుక్కి స్పష్టమైన ప్రయోజనం ఉంది, దాన్ని పెంచేవాడికి ఆ సంగతి పూర్తిగా తెలుసు, నిర్ణయించిన రోజు కూడా ఉంది. అంతమాత్రాన ఆ బతుకు సార్థకమని పొట్టేలు వైపు నుంచి ఎవరూ అనరు. పైవాడు పెట్టిన ప్రయోజనం నాదయ్యేది నేను దాన్ని తూచి ఒప్పుకున్నప్పుడు. ఆ తూచే పని ఎలాగూ నా మీదే పడుతున్నప్పుడు, పైవాడు ఉన్నాడో లేడో తేలేదాకా దాన్ని వాయిదా వెయ్యడం దేనికి?

అలాగని "దేవుడున్నాడా" అన్నది పనికిమాలిన ప్రశ్న కాదు. దాన్ని పరీక్షించే పద్ధతి ఒకటుంది, చాలామంది తప్పుతున్నది అక్కడే. మన తర్కశాస్త్రమైన న్యాయదర్శనం ప్రకారం అనుమానానికి ఐదు అంగాలు. ఇక్కడ అనుమానం అంటే సందేహం కాదు, తెలిసినదాన్ని బట్టి తెలియనిదాన్ని తేల్చడం. ఉదయనుడనే నైయాయికుడి (న్యాయదర్శన పండితుడి) చేతిలో బలపడిన వాదన ఇలా సాగుతుంది. ప్రతిజ్ఞ: నేల, మొలక వగైరాలకి కర్త ఉన్నాడు. హేతువు: అవి కార్యాలు, అంటే ముందు లేక తర్వాత పుట్టినవి గనక. ఉదాహరణ: ఏది కార్యమో దానికి కర్త ఉంటాడు, కుండకి లాగ. ఉపనయం: ఇవీ అలాంటివే. నిగమనం: కనుక వీటికీ కర్త ఉన్నాడు.

బరువంతా మూడో అంగం మీద ఉంది. అందులోనూ "ఏది కార్యమో దానికి కర్త ఉంటాడు" అన్న వ్యాప్తి మీద, అంటే ఎక్కడా తప్పకూడని నియమం మీద. వాట్సాప్‌లో తిరిగే "గడియారం ఉంటే చేసినవాడు ఉంటాడు కదా" వాదనలో కుండ మాత్రం మిగిలి, వ్యాప్తి ఎగిరిపోతుంది. ఒక్క కుండతో వ్యాప్తి నిలబడదు.

వ్యాప్తిలో చిల్లు ఎలా వెతకాలో 17వ శతాబ్దపు తెలుగువాడు అన్నంభట్టు తన తర్కసంగ్రహంలో, పిల్లలకి చెప్పినంత తేలిగ్గా చెప్పాడు. "కొండ మీద పొగ ఉంది, నిప్పుంది గనక" అన్న అనుమానం చూడండి. పొగని బట్టి నిప్పుని ఊహించొచ్చు గానీ నిప్పుని బట్టి పొగని ఊహించలేం. తడి కట్టె తగిలితేనే పొగ వస్తుంది. ఎర్రగా కాలిన ఇనప గుండులో నిప్పుంటుంది, పొగ ఉండదు. గాజువాక వైపు ఉక్కు కర్మాగారంలో పనిచేసినవాళ్ళకి ఈ ఉదాహరణ విడమరచి చెప్పక్కర్లేదు. ఇక్కడ తడి కట్టెని, అంటే చెప్పకుండా దాగి ఉన్న షరతుని, "ఉపాధి" అంటారు. గుర్తుపట్టడానికి రెండు పరీక్షలు: రుజువు చేయదలచినది ఉన్న చోటల్లా అది ఉండాలి, హేతువు ఉన్న చోటల్లా ఉండకూడదు.

ఇదే పరీక్ష కుండకి పెట్టండి. కర్త ఉన్నట్టు మనం కళ్ళారా చూసిన ప్రతి వస్తువునీ శరీరం ఉన్నవాడే చేశాడు: కుమ్మరి, సాలెవాడు, వడ్రంగి. మొలక కార్యమే, కానీ ఏ శరీరమూ దాన్ని చేసినట్టు కనబడదు. అంటే "శరీరంతో చేయబడటం" ఉపాధి అయ్యేట్టుంది. నైయాయికుడు ఊరుకోడు. "మొలకకి కర్త ఉన్నాడా లేడా అనే కదా వివాదం, వివాదంలో ఉన్నదాన్నే నా మీదకి ఎదురు ఉదాహరణగా ఎలా తెస్తావు" అంటాడు. గట్టి జవాబే. నా లెక్కలో ఇక్కడ ఆట సమం. వ్యాప్తి మీద సందేహం మిగిలింది, ఈశ్వరుడు లేడని మాత్రం రుజువు కాలేదు. ఈ రెండింటినీ కలిపేసే నాస్తికులు గడియారంవాళ్ళకి ఏమీ తీసిపోరు.

ఇంకొక రకం వాదన మన పాతబస్తీలోనే ఉంది. బురుజుపేట కనకమహాలక్ష్మి అమ్మవారు బావిలో దొరికిందని, 1917లో రోడ్డు పనుల కోసం విగ్రహాన్ని పక్కకి జరిపితే ఊళ్ళో ప్లేగు వచ్చిందని, తిరిగి యథాస్థానంలో పెడితే తగ్గిందని స్థలపురాణం. జరిపితే వచ్చింది, పెడితే పోయింది. చూడ్డానికి బలంగానే ఉంది. కానీ ప్లేగు 1896లో బొంబాయిలో అంటుకుని ఏళ్ళ తరబడి దేశం నలుమూలలా వస్తూ పోతూ ఉంది. ఏ విగ్రహమూ జరపని ఊళ్ళకీ వచ్చింది, ఏదీ తిరిగి పెట్టకుండానే పోయింది. హేతువు లేని చోట కూడా కార్యం ఉందంటే, ఆ హేతువు వల్లే ఇది జరిగిందన్న మాట నిలవదు.

అసలు గమనించాల్సింది ఆ తర్వాతి సంగతి. మార్గశిర మాసం గురువారం ఆ వీధుల్లో కాలు పెట్టలేం. గర్భగుడికి పైకప్పు లేదు, భక్తులే తమ చేతులతో అమ్మవారికి అభిషేకం చేసుకుంటారు. ఆ వరసలో నిలబడ్డవాళ్ళలో ప్లేగు వాదనని నమ్మి వచ్చినవాళ్ళు ఎందరుంటారు? ముట్టుకోనిచ్చే అమ్మవారు గనక వస్తారు. వాదన కూలినా వరస తరగదు. అంటే వరసని మోస్తున్నది వాదన కాదన్నమాట. దేవుడి రుజువులకీ బతుకు అర్థానికీ మధ్య దూరం ఎంతో ఈ ఒక్క వీధి చూపిస్తుంది.

చెడు సంగతికొద్దాం: దేవుడుంటే లోకంలో ఇంత బాధ ఎందుకు? ఇది అన్నిటికన్నా కష్టమైన చోటు, తొందరపడితే నోరు జారుతుంది.

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తీరం దాటింది విశాఖలోనే. 2020 మే 7 తెల్లవారుజామున వెంకటాపురంలో స్టైరీన్ ఆవిరి లీకై కనీసం 12 మంది చనిపోయారు. తత్త్వశాస్త్రంలో ఈ రెండూ వేర్వేరు ఖాతాలు. స్టైరీన్ చల్లగా ఉండాలి, తనంతట తాను గొలుసుకట్టకుండా నిరోధకం కలుపుతూ ఉండాలి. ఈ రెండూ తప్పితే లోపల వేడి పుడుతుంది, ఆ వేడి ఇంకా వేడిని పుట్టిస్తుంది. ఆవిరి గాలికన్నా బరువు గనక నేలబారున పాకి, పడుకున్నవాళ్ళని ముందు పట్టుకుంటుంది. ఇందులో ప్రతి మెట్టు దగ్గరా ఒక మనిషి చెయ్యాల్సిన పని ఉంది. "దేవుడు మనిషికి స్వేచ్ఛ ఇచ్చాడు, మనిషి తప్పు చేశాడు" అన్న సమాధానం ఇక్కడ కొంతవరకు నడుస్తుంది. తుఫానుకి ఆ సమాధానం పనికిరాదు. బంగాళాఖాతం ఎవరి స్వేచ్ఛా కాదు.

బ్రహ్మసూత్రాలు దీనికి పెట్టిన దారి కర్మ. 34వ సూత్రం: ఈశ్వరుడికి పక్షపాతమూ క్రూరత్వమూ అంటవు, ఎందుకంటే ఆయన ప్రాణుల కర్మని అనుసరించి ఇస్తాడు. శంకరుల పోలిక వాన: అన్ని గింజల మీదా ఒకే వాన పడుతుంది, వరి వరిగా, యవలు యవలుగా మొలవడం గింజలో ఉంది. మరి మొట్టమొదటి కర్మ ఎక్కడిది? 35వ సూత్రం జవాబు: సంసారం అనాది, మొదలు లేదు. విత్తు ముందా మొక్క ముందా లాంటిది.

తర్కంగా ఇది శుభ్రంగానే ఉంది. ఏ సంఘటన జరిగినా ఇమిడిపోతుంది, ఇమడనిది ఊహించలేం. నా ఇబ్బంది అదే. ఏం జరిగినా సరిపోయే వివరణ, ఇది ఇలాగే ఎందుకు జరిగిందో చెప్పలేదు. ఇంతకంటే పెద్ద ఇబ్బంది వాడకంలో ఉంది. తెలుగువాళ్ళు "నా ఖర్మ" అంటారు, "వాళ్ళ ఖర్మ" అని కూడా అంటారు. వ్యాకరణంలో పురుష ఒకటే మారింది, మిగతాదంతా తలకిందులైంది. ఇల్లు ఎగిరిపోయినవాడు "నా ఖర్మ" అంటే తన దుఃఖాన్ని మోసుకోడానికి ఒక పిడి దొరికినట్టు. పక్కవాడు "వాళ్ళ ఖర్మ" అంటే బాధ్యత దులిపేసుకున్నట్టు. ట్యాంకు దగ్గర నిరోధకం ఎందుకు లేదో అడగాల్సిన ప్రశ్న కూడా దాంతోపాటే పోతుంది. కర్మ సిద్ధాంతాన్ని ఉత్తమ పురుషలో వాడుకోండి, ప్రథమ పురుషలో వాడకండి అంటాను. అది శాస్త్రంలో ఉన్న నియమం కాదు, నేను పెడుతున్న నియమం.

హార్బరు దగ్గరి మూడు కొండల గురించి ఒక్క మాట. ఒకదాని మీద వెంకటేశ్వరుడు, ఒకదాని మీద మేరీమాత చర్చి, ఒకదాని మీద ఇషాక్ మదీనా దర్గా. వీటిని చూపించి "అన్నీ ఒకటే" అనడం మన మర్యాద. సిద్ధాంతంగా అది నిజం కాదు. దేవుడు విగ్రహంలోకి దిగివస్తాడనే అర్చావతారం, ఒకే దేవుడిలో ముగ్గురనే త్రిత్వం, దేవుడు ఒక్కడే, సాటి లేడనే తౌహీద్ ఒకదాన్నొకటి ఖండించుకుంటాయి, మూడూ ఒకేసారి సత్యం కాలేవు. అయినా మూడింటికీ మెట్లెక్కి వెళ్ళేవాళ్ళ మొక్కులు విప్పి చూస్తే పిల్లలు, రోగాలు, అప్పులు, వేటకి వెళ్ళినవాడు క్షేమంగా రావడం. సిద్ధాంతాలు విడిపోయే చోటు ఒకటి, బతుకులు కలిసే చోటు ఇంకొకటి.

ముడి విప్పాం. ఇక బతుకు అర్థం ఏమిటన్న ప్రశ్న ఒంటరిగా మిగిలింది. దీనికీ పద్ధతి కావాలి. "నీ మనసు చెప్పింది విను" అన్న సలహా పద్ధతి కాదు.

సింహాచలం పోలిక ఇక్కడ చాలామందికి నాలిక చివరే ఉంటుంది. అప్పన్న నిజరూపం ఏడాదంతా గంధం కింద, దర్శనం వైశాఖ శుద్ధ తదియ ఒక్కరోజే. అలాగే అర్థం కూడా లోపలెక్కడో దాగి ఉంటుందని, పొరలు ఒలిస్తే దొరుకుతుందని. పోలిక బాగుంది గానీ గుడిలో జరిగేది సగమే చెప్పింది. ఒలిచిన రాత్రే మళ్ళీ గంధం పూత మొదలవుతుంది. ఆ తదియకి మూడు మణుగులు, వైశాఖ పౌర్ణమికి మూడు, జ్యేష్ఠ పౌర్ణమికి మూడు, ఆషాఢ పౌర్ణమికి మూడు. మొత్తం 12 మణుగులు, దాదాపు 500 కిలోలు. ముందు దాన్నంతా చేత్తో అరగదియ్యాలి. సేవలో ఎక్కువ భాగం పొరలు వెయ్యడమే. అర్థాన్ని ఒలిచి చూడాల్సిన వస్తువుగా అనుకున్నవాళ్ళు ఉల్లిపాయ ఒలిచినట్టు చివరికి ఖాళీ చేతులతో మిగులుతారు.

అందుకే తాత్పర్యం అన్న మాట దగ్గరికి వస్తాను. ఒక గ్రంథం తాత్పర్యం ఏమిటో తేల్చడానికి వేదాంతులు ఆరు గుర్తులు చెబుతారు: ఉపక్రమోపసంహారాలు, అభ్యాసం, అపూర్వత, ఫలం, అర్థవాదం, ఉపపత్తి. వేదాంతసారంలో సదానందుడు ఛాందోగ్యోపనిషత్తు ఆరో అధ్యాయానికి వీటిని ఒక్కొక్కటిగా పెట్టి చూపిస్తాడు. బతుక్కి వీటిని పెట్టడం నా సొంత తెగింపు. "రాసినవాడు ఉంటేనే కదా తాత్పర్యం" అని వెంటనే అంటారు. ఆ అడ్డంకే ఈ పద్ధతికి బలం. మీమాంసకుడికి వేదం అపౌరుషేయం, రాసినవాడు లేడు. రాసినవాడి మనసులో ఏముందని అడిగే దారి మూసుకుపోయింది గనకే, వాక్యాల్లోంచే తాత్పర్యం పట్టే పద్ధతిని అంత పకడ్బందీగా కట్టుకోవాల్సి వచ్చింది. కర్త లేని వాక్యానికి తాత్పర్యం ఉండొచ్చని మన సంప్రదాయంలో అందరికన్నా గట్టి ఆస్తికులే ఒప్పుకున్నారు.

అభ్యాసం అంటే మళ్ళీ మళ్ళీ రావడం. ఛాందోగ్యంలో "తత్త్వమసి" తొమ్మిదిసార్లు వస్తుంది. బతుకులో దీన్ని కొలవడం తేలిక: ఆరు నెలల బ్యాంకు స్టేట్‌మెంటు, ఫోన్లో ఆరు నెలల కాల్ వివరాలు ముందేసుకుని, ఎవరూ బలవంతపెట్టకపోయినా మళ్ళీ మళ్ళీ చేసిన పనుల కింద గీత గీయండి. మీరు నాకిది ముఖ్యమని చెప్పుకునేదానికీ గీతలు పడ్డదానికీ తేడా మొదటిసారి బాగా గుచ్చుకుంటుంది. ఇక్కడ జరిగే పొరపాటు గీతల సంఖ్యనే తాత్పర్యం అనుకోవడం. రాత్రి 11 తర్వాత రీల్స్ చూడటం కూడా అభ్యాసమే. గుర్తులు ఆరు పెట్టింది అందుకే. ఒక్కదానితో తీర్పు చెప్పకూడదు.

అర్థవాదం దగ్గర ఎక్కువమంది మునుగుతారు. "వాయువు అన్నిటికన్నా వేగం గల దేవత" అన్న వాక్యం వేదంలో ఉంది. దాని పని వాయువు వేగం తెలియజెయ్యడం కాదు, వాయుదేవతకి చెయ్యమన్న యాగం వైపు మనిషిని ఉసిగొల్పడం. పొగడ్త విధికి తోక. తోకని తల అనుకుంటే గ్రంథం తలకిందులవుతుంది. "వాళ్ళబ్బాయి అమెరికాలో సెటిలయ్యాడు", "బీచ్ రోడ్డులో సముద్రం కనబడే ఫ్లాటు" ఇవన్నీ అర్థవాదాలే. ఒకప్పుడు ఏదో పని బాగా చెయ్యమని ప్రోత్సహించడానికి పుట్టిన మాటలు, ఇప్పుడు పని పోయి పొగడ్తే లక్ష్యమై కూర్చుంది. పెద్దకర్మ రోజు పోయినవాళ్ళ గురించి చెప్పే మాటలు కూడా ఈ లెక్కలోవే, వాటిని నమ్మి ఎవరి బతుకు తాత్పర్యమూ రాయకూడదు. నింద కూడా అర్థవాదమేనని శాస్త్రం. "నువ్వెందుకూ పనికిరావు" అన్న మాటనీ తోకగానే చూడాలి.

ఫలానికి మంచి పరీక్ష ఫలం ఆగిపోయినప్పుడు. తూర్పు తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు మరపడవలకి వేట నిషేధం. అమ్మడానికి చేప లేదు. అయినా ఒడ్డున వలలు అల్లుతారు, పడవకి రంగులేస్తారు, ఇంజను విప్పి బాగుచేస్తారు. మన పనిలో జీతం, మెప్పు, ప్రమోషను 61 రోజులు ఆగిపోతే ఏం మిగులుతుందో రాసి చూడండి. ఏమీ మిగలకపోతే కంగారు పడక్కర్లేదు. అది జీవనోపాధి, గౌరవమైనదే, తాత్పర్యం ఇంకోచోట వెతకాలి.

అపూర్వత అంటే వేరే ఏ ప్రమాణం (తెలుసుకునే సాధనం) వల్లా దొరకనిది. గొప్పతనంతో దీనికి పనిలేదు. మీరు మానేస్తే మీ కుర్చీలోకి నెలలో ఇంకొకరొస్తారు. మీ అమ్మ చెప్పే పాత కథని వందోసారి వినడానికి ఎవర్ని పెడతారు? ఉపపత్తి అంటే యుక్తికి నిలవడం, పైన చెప్పిన ఉపాధి పరీక్షే ఇక్కడా సరిపోతుంది.

మిగిలింది ఉపక్రమోపసంహారాలు, మొదలూ చివరా ఒకే విషయం చెప్పడం. బతికున్నవాడికి ఉపసంహారం చేతిలో ఉండదు, మరి ఈ గుర్తు ఎలా వాడతాడు? సదానందుడి నిర్వచనం చూస్తే జవాబు అందులోనే ఉంది. ఆయన గ్రంథమంతటికీ చెప్పలేదు, ప్రకరణానికి చెప్పాడు: ప్రకరణంలో చెప్పదలచిన అర్థాన్ని ఆ ప్రకరణం మొదట్లోనూ చివర్లోనూ చెప్పడం. చదువు ఒక ప్రకరణం, పిల్లల పెంపకం ఒకటి. ఉక్కునగరం క్వార్టరు ఖాళీ చేసి రిటైరైన మనిషికి ఉద్యోగ ప్రకరణం మొత్తం చేతిలో ఉంది. చేరిన రోజు ఎందుకు చేరానన్నాడో, చివరి రోజు దేన్ని వదిలి వస్తున్నందుకు దిగులుపడ్డాడో పక్కపక్కన రాసుకుంటే ఆ ప్రకరణానికి తాత్పర్యం వస్తుంది. ఆ రెండూ కలవలేదనుకోండి, మిగతా ఐదు గుర్తులూ ఎటు మొగ్గాయో చూసి, పెన్షను కాగితాల పని అయ్యాక మొదలయ్యే ప్రకరణానికి మొదటి వాక్యం అక్కణ్ణుంచి ఎత్తుకోవచ్చు.